ఓపెన్ మహిళా పోస్టు కోసం హైకోర్టు దాకా: ఒక వార్డు సచివాలయ అభ్యర్థి అనుభవం

2025 ఫిబ్రవరి మూడో వారంలో నాకు వార్డు అడ్మినిస్ట్రేటివ్ సెక్రటరీగా నియామక ఉత్తర్వు అందింది. అందుకు ఆధారమైన పరీక్షను నేను గుంటూరులో రాసింది 2019 సెప్టెంబరు 1న. ఈ మధ్యకాలంలో ఏ కాగితం ఎప్పుడు చేతికొచ్చిందో, ఎంత ఖర్చయిందో, ఎక్కడ ఎంతకాలం ఎదురుచూడాల్సి వచ్చిందో వరుసగా రాస్తున్నాను. తనకంటే తక్కువ మార్కులు వచ్చినవారికి ఉద్యోగం వచ్చి, తనకెందుకు రాలేదో తెలియక తిరుగుతున్న అమ్మాయి ఎవరైనా ఉంటే ఆమెకు ఇది పనికిరావాలని నా కోరిక. ఏ జిల్లా, ఏ మున్సిపాలిటీ, ఏ కార్యాలయం అన్నది రాయడం లేదు. ఆ కుర్చీల్లో అప్పుడున్నవారిలో చాలామంది బదిలీ అయిపోయారు.

2019 జూలై 26న గ్రామ, వార్డు సచివాలయాల నోటిఫికేషన్ వెలువడింది. లక్షా పాతిక వేలకు పైగా శాశ్వత ఉద్యోగాలు ఒకేసారి రావడం మా తరం ఎన్నడూ చూడలేదు. 21 లక్షలకు పైగా దరఖాస్తులు వచ్చాయి. నేను అప్పటికి బీకాం పూర్తిచేసి, అరండల్‌పేటలో ఒక ఆడిటరు గారి దగ్గర పద్దులు రాస్తూ, సాయంత్రం పూట బ్రాడీపేటలో కోచింగుకు వెళ్తున్నాను. నాన్న ఆర్టీసీలో కండక్టరుగా చేసి రిటైరయ్యారు. ఇంట్లో ఒక్కరికి ప్రభుత్వ ఉద్యోగం ఉంటే మిగతావాళ్లంతా గట్టెక్కుతారని ఆయన గట్టి నమ్మకం. పరీక్ష 150 మార్కులకు, ప్రతి తప్పు జవాబుకు పావు మార్కు కోత. సెప్టెంబరు 19న ఫలితాలు వచ్చాయి. నాకు 81.75 మార్కులు వచ్చాయి. మాది బీసీ-డి.

ఫలితాలు ఎంత త్వరగా వచ్చాయో, ఆ తర్వాతి సమాచారం అంత నెమ్మదిగా వచ్చింది. సెప్టెంబరు చివరి వారంలో ధ్రువపత్రాల పరిశీలనకు కొందరికి ఎస్ఎంఎస్‌లు వెళ్లాయి. నాకు రాలేదు. ఒకే అభ్యర్థి రెండు మూడు రకాల పోస్టులకు ఎంపిక కావడంతో ఒక చోట చేరినవారు మరో చోట ఖాళీ వదిలేవారు, ఆ ఖాళీలకు మళ్లీ మరికొందరిని పిలిచేవారు. అక్టోబరు 2న సచివాలయాలు ప్రారంభమైనా ఈ విడతల పిలుపులు ఆగలేదు కాబట్టి నేనూ ఆశ వదులుకోలేదు. ఫోను ఎప్పుడు మోగినా అమ్మ వంటింట్లోంచి బయటకు వచ్చి నా ముఖం చూసేది. డిసెంబరు నాటికి ఆ చూపును ఎదుర్కోలేక ఫోను సైలెంటులో పెట్టుకోవడం అలవాటు చేసుకున్నాను.

అదే నెలలో మా కోచింగులో నాతోపాటు చదివిన ఒక అమ్మాయి స్వీట్లు పట్టుకుని ఇంటికొచ్చింది. నాకంటే రెండేళ్లు చిన్నది, నన్ను అక్కా అని పిలుస్తుంది. వార్డు అడ్మినిస్ట్రేటివ్ సెక్రటరీగా అప్పటికే చేరిపోయింది. మాటల్లో తన మార్కులు 78.50 అని తనే చెప్పింది. తను ఓసీ, మహిళల పోస్టులో వచ్చింది. నేను ఆ సంఖ్య విని కూడా ఏమీ అనలేదు, తను వెళ్లాక మాత్రం చాలాసేపు అక్కడే కూర్చుండిపోయాను. అదే జిల్లా, అదే పోస్టు, ఇద్దరం ఆడవాళ్లం, నాకు మూడు మార్కులకు పైగా ఎక్కువ. తనమీద నాకు కోపం రాలేదని ఇక్కడే రాయాలి, ఎందుకంటే తర్వాత జరిగినదంతా చూస్తే ఎవరికైనా అలా అనిపించవచ్చు. తను దరఖాస్తు పెట్టింది, పరీక్ష రాసింది, పిలిచారు, వెళ్లింది. అందులో తన తప్పు ఏమీ లేదు.

నాన్నా నేనూ కార్యాలయానికి వెళ్లాం. సెక్షన్‌లో ఉన్నాయన ఓపికగానే కంప్యూటరులో చూసి, "ఏమ్మా, మీరు బీసీ-డి కదా, ఓసీ మహిళ పోస్టులో మీ పేరెలా వస్తుంది? మీ కోటాలో మహిళల కటాఫ్ 83.25 దగ్గర ఆగింది, మీకు ఒకటిన్నర మార్కు తగ్గింది" అన్నారు. నా కేసు మొత్తం ఆ ఒక్క మాట మీద నడిచింది. ఆయన దృష్టిలో అది వాదించాల్సిన విషయమే కాదు. ఓసీ పురుషులూ మహిళలూ పోటీపడే పోస్టుల్లో ఎక్కువ మార్కులు తెచ్చుకున్న బీసీలను చేర్చారు, కానీ ఓసీ మహిళల పోస్టులు నింపేటప్పుడు మాత్రం ఓసీ కులాల మహిళలనే చూశారు. మహిళా రిజర్వేషన్ కులాల రిజర్వేషన్‌లాగా విడి గడి కాదని, ప్రతి విభాగంలోనూ అడ్డంగా అమలయ్యేదని, ఓపెన్ విభాగంలోని మహిళా పోస్టుకు ఏ కులం మహిళ అయినా మెరిట్ మీద అర్హురాలేనని నేను కోచింగు నోట్సులోనే చదువుకున్నాను. ఆ మాటే చెప్పాను. ఆయన నవ్వి, "పైనుంచి వచ్చిన జాబితా అమ్మా, మేం తయారు చేసింది కాదు" అన్నారు.

నోటిమాటను ఏ కోర్టూ పట్టించుకోదని నాన్నకు ఆర్టీసీ యూనియన్ అనుభవం వల్ల తెలుసు. అదే వారం రాతపూర్వకంగా వినతిపత్రం ఇచ్చి, రెండో ప్రతి మీద తేదీతో ముద్ర వేయించుకున్నాం. సోమవారం అర్జీల కార్యక్రమంలోనూ ఒకటి ఇచ్చాను. దానికి కొన్నాళ్లకు పరిష్కారమైనట్లు ఎస్ఎంఎస్ వచ్చింది, ఏం పరిష్కరించారో మాత్రం అందులో లేదు. 2020 జనవరిలో సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టాను. జిల్లా స్థాయి కార్యాలయానికి రుసుము 10 రూపాయలు, కాగితాల నకళ్లకు పేజీకి 2 రూపాయలు. అడిగే తీరు ముఖ్యం. "నాకు ఉద్యోగం ఎందుకు ఇవ్వలేదు" అని అడిగితే, అది సమాచారం కిందకు రాదని తిప్పి పంపుతారు. నేను అడిగినవి ఇవి: ఆ పోస్టుకు విభాగాల వారీగా ఎంపికైన వారి మార్కులు, ఏ రోస్టర్ పాయింట్ (రిజర్వేషన్ల వరుసలో పోస్టుకు ఇచ్చే సంఖ్య) కింద ఎవరిని తీసుకున్నారు, ప్రతి విభాగంలో చివరగా ఎంపికైన వ్యక్తి మార్కులు, ఎంపిక కాని మహిళల మెరిట్ జాబితా, చేరకుండా మిగిలిన పోస్టుల సంఖ్య. చట్టం ఇచ్చిన గడువు 30 రోజులు. జవాబు ఫిబ్రవరి ఆఖరులో, గడువు దాటాక కొద్ది రోజులకు వచ్చింది.

ఆ కాగితాలు చూసిన రాత్రి నాకు సంతోషమూ ఏడుపూ కలిసి వచ్చాయి. మహిళలకు కేటాయించిన ఓపెన్ పోస్టుల్లో నాకంటే తక్కువ మార్కులున్న ముగ్గురు ఉన్నారు. అందరికంటే చివర 78.50. నా ఊహ నిజమేనని ప్రభుత్వ కాగితమే చెబుతోంది. ఇలాంటి పట్టికను ఎంపిక జాబితాతోపాటే వెబ్‌సైటులో పెడితే ఎంతమందికి ఎంత శ్రమ తప్పుతుందో నాకు ఇప్పటికీ అనిపిస్తుంది. ప్రతి విభాగంలో చివరి వ్యక్తి మార్కులు, ఏ పాయింట్ కింద తీసుకున్నారన్న వివరం, ఈ రెండూ బయట పెడితే చాలు. తప్పు జరిగితే నియామక ఉత్తర్వులు చేతికి రాకముందే దొరుకుతుంది, అప్పుడు ఎవరి ఉద్యోగమూ ప్రమాదంలో పడదు.

లాయరును వెతుకుతుండగానే మార్చి 2020లో లాక్‌డౌన్ వచ్చిపడింది. ఆడిటరు గారి ఆఫీసు మూతపడింది, నా జీతం ఆగింది. జూన్‌లో నాన్న పాత సహోద్యోగి ఒకాయన ద్వారా విజయవాడ గవర్నర్‌పేటలో ఉండే, సర్వీసు కేసులు చూసే ఒక లాయరమ్మ గారి దగ్గరకు వెళ్లాం. ఆవిడ మొదట అడిగింది మార్కుల గురించి కాదు, తేదీల గురించి. ఉద్యోగ నియామకాల విషయంలో ఆలస్యంగా వచ్చినవారిని హైకోర్టు ఆ ఒక్క కారణంతోనే తిప్పి పంపవచ్చునని, అందుకే ముద్ర వేయించిన వినతిపత్రం, సమాచార హక్కు జవాబు వచ్చిన తేదీ మాకు రక్షణ అని చెప్పారు. తర్వాత మా కాగితాలు తీసుకుని ఎంపిక కాని మహిళల జాబితా అంతా పెన్సిలుతో గీతలు గీస్తూ చూశారు. ఎందుకంటే 78.50 కంటే నాకు ఎక్కువ రావడం ఒక్కటే సరిపోదు. నాకూ ఆ పోస్టులకూ మధ్య, నాకంటే ఎక్కువ మార్కులు వచ్చి అలాగే మిగిలిపోయిన మహిళలు ఎందరున్నారో తేలాలి. తప్పు సరిదిద్దితే పోస్టు నాదాకా రాకుండా వాళ్ల దగ్గరే అయిపోతే నా కేసుకు అర్థం ఉండదు. ఆ లెక్కలో నాకు పైన ఒక్కరే తేలారు. వివాదంలో ఉన్నవి మూడు పోస్టులు. "ఎటు లెక్కేసినా నీకు వస్తుందమ్మా" అని ఆవిడ అన్నప్పుడు నాన్న కళ్లు తుడుచుకున్నారు.

నాకు పైన ఉన్న ఆవిడను వెతికి ఫోను చేశాను. కలిసి వేద్దామని, ఖర్చు పంచుకుందామని అడిగాను. వాళ్లింట్లో ప్రభుత్వం మీద కేసు వేయడానికి ఒప్పుకోలేదు. ఆమెను ఏమనడానికీ లేదు, మా చుట్టాల్లోనూ అదే మాట అన్నవాళ్లు ఉన్నారు.

ఫీజు 25,000 రూపాయలు మాట్లాడుకున్నాం, సగం ముందు, సగం కేసు అడ్మిట్ అయ్యాక. క్లర్కుకు, టైపింగుకు, జెరాక్సులకు విడిగా దాదాపు 4,000 అయింది. కోర్టు ఫీజు చాలా తక్కువ, ఖర్చంతా కాగితాలదే. ప్రతివాదులు ఎంతమందో అన్ని సెట్లు కావాలి, ప్రతి సెట్టులోనూ నోటిఫికేషన్ నుంచి సమాచార హక్కు జవాబు దాకా అన్నీ ఉండాలి. అఫిడవిట్ ఇంగ్లిష్‌లో ఉంటుంది. లాయరమ్మ గారి జూనియరు ఒక్కో పేరా తెలుగులో చెప్పి, సరేనా అని అడిగి, ప్రతి పేజీ మీద సంతకం పెట్టించింది. ఆ సంతకం మా లాయరు ముందు కాకుండా మరో అడ్వకేటు ముందు పెట్టాలని అప్పుడే తెలిసింది.

ఆ మధ్యాహ్నమే లాయరమ్మ గారు ప్రతివాదుల పేర్లు రాయించారు. ప్రభుత్వం తరఫున ముగ్గురు అధికారులు. నాలుగో ప్రతివాదిగా ఎంపికైన వారిలో అందరికంటే తక్కువ మార్కులున్న అభ్యర్థి. అంటే నాకు స్వీట్లు తెచ్చిచ్చిన అమ్మాయి. నేను వద్దన్నాను. తన ఉద్యోగం తీసేయమని నేను అడగడం లేదు కదా అన్నాను. ఆవిడ చాలా నిదానంగా చెప్పారు: తీర్పు వల్ల నష్టం జరిగే అవకాశం ఉన్న మనిషిని వినకుండా కోర్టు తీర్పు ఇవ్వదు, ఆమెను చేర్చకపోతే ప్రభుత్వ న్యాయవాది లేచి మొదటి మాటగా అదే చెబుతారు, కేసు అక్కడే పోతుంది. ప్రార్థనలో, అంటే పిటిషన్‌లో కోర్టును ఏం కోరుతున్నామో చెప్పే భాగంలో, మాత్రం ఒక వాక్యం చేర్పించుకున్నాను. ఖాళీగా ఉన్న ఏ పోస్టులోనైనా నన్ను నియమించమని, ఎంపికైన వారిని కదిలించాల్సిన అవసరం లేదని. ఆ వాక్యం నా కేసును బలహీనపరచదా అని నాన్న అడిగారు. బలహీనపడినా ఫరవాలేదని నేను చెప్పాను. చివరికి ఆ వాక్యమే నాకు ఉద్యోగం తెచ్చింది.

2020 ఆగస్టులో రిట్ పిటిషన్ (ప్రభుత్వ చర్య మీద హైకోర్టులో వేసే కేసు) దాఖలైంది. ముందు ఎస్ఆర్ నంబరు, అంటే తాత్కాలిక నంబరు, మాత్రమే వస్తుంది. రిజిస్ట్రీ వాళ్లు అభ్యంతరాలు రాసి వెనక్కి పంపుతారు: ఫలానా పేజీ సరిగా కనపడటం లేదు, ఫలానా పత్రానికి అనువాదం లేదు అని. వినతిపత్రం తెలుగులో ఉంది కాబట్టి దాన్ని ఇంగ్లిష్‌లోకి మార్చి పెట్టాల్సి వచ్చింది. నంబరు పడేసరికి సెప్టెంబరు వచ్చింది. కోవిడ్ కారణంగా విచారణ అంతా వీడియోలోనే. మొదటి రోజు మా కేసు నాలుగు నిమిషాలు నడిచిందట. ప్రభుత్వానికి నోటీసు ఇచ్చారు, నాలుగో ప్రతివాదికి రిజిస్టర్డ్ పోస్టులో మేమే నోటీసు పంపుకోవడానికి అనుమతించారు, ఆ పోస్టు నియామకాలు ఈ రిట్ తుది ఫలితానికి లోబడి ఉంటాయని మధ్యంతర ఉత్తర్వు ఇచ్చారు. ఒక పోస్టు ఖాళీగా ఉంచాలన్న మా మరో అభ్యర్థన మీద ఆ రోజు ఏమీ చెప్పలేదు.

నోటీసు పోస్టులో వెళ్లే ముందు తనకు ఫోను చేసి చెప్పాలని ప్రయత్నించాను, తను ఎత్తలేదు. నోటీసు అందిన రోజు రాత్రి తనే చేసింది. "అక్కా, నా మీద కేసు వేశావా?" అంది. నేను చెప్పడం మొదలుపెట్టాను, ప్రార్థనలో ఏం రాయించానో చదివి వినిపించాను. తను వినే స్థితిలో లేదు. అప్పటికి ప్రొబేషన్‌లో నెలకు 15,000 రూపాయల జీతం మీద పని చేస్తోంది, కోవిడ్ డ్యూటీలో వీధి వీధి తిరుగుతోంది, ఇప్పుడు లాయరుకు డబ్బు ఎక్కడినుంచి తేవాలని అడిగింది. ఆ ప్రశ్నకు నా దగ్గర సమాధానం లేదు. కార్యాలయం ఒక నియమాన్ని తప్పుగా అమలు చేస్తే, ఆ భారం నిర్దోషులైన ఇద్దరు ఆడపిల్లల మీద పడింది. తప్పు చేసినవారి తరఫున ప్రభుత్వ న్యాయవాది ఖర్చు లేకుండా నిలబడతారు, మేమిద్దరం అప్పులు చేసి లాయర్లను పెట్టుకోవాలి. ఈ బాధ నాకు కేసు గెలిచాక కూడా తగ్గలేదు.

అదే సెప్టెంబరులో, 20 నుంచి 26 వరకు, రెండో విడత సచివాలయ పరీక్షలు జరిగాయి. మాస్కు పెట్టుకుని వెళ్లి రాశాను. మనసు పుస్తకం మీద నిలవని రోజులవి, మార్కులు సరిపోలేదు. కేసు వేసినవారికి మరో పరీక్ష రాయకూడదన్న నిబంధన ఏదీ లేదు, రాయడం వల్ల కేసు బలహీనపడదు కూడా. చాలామంది ఈ సంగతి నన్ను అడిగారు.

2020 డిసెంబరు 18న సుప్రీంకోర్టు సౌరవ్ యాదవ్ కేసులో తీర్పు ఇచ్చింది. ఉత్తరప్రదేశ్ పోలీసు కానిస్టేబుళ్ల నియామకాల గొడవ అది. జనరల్ మహిళల్లో చివరగా ఎంపికైన అభ్యర్థికి 274.8298 మార్కులు వస్తే, అంతకంటే ఎక్కువ మార్కులున్న ఓబీసీ మహిళలకు ఉద్యోగం ఇవ్వలేదు. ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ పద్ధతి చెల్లదని చెప్పింది. ఓపెన్ విభాగం ఏ ఒక్క వర్గానికీ చెందిన కోటా కాదని, అందులోని మహిళా పోస్టులకు మెరిట్ ఉన్న ఏ మహిళ అయినా అర్హురాలని తేల్చింది. అంతకంటే నన్ను కదిలించిన భాగం మరొకటి ఉంది. ఆ మార్కుల కంటే ఎక్కువ వచ్చిన ఓబీసీ మహిళలకు ఉద్యోగాలు ఇవ్వమంటూనే, తక్కువ మార్కులతో అప్పటికే చేరిన జనరల్ మహిళల ఉద్యోగాలకు భంగం కలిగించవద్దని కోర్టు చెప్పింది. లాయరమ్మ గారు ఆ సంగతి ఫోనులో చెప్పినప్పుడు, నేను ముందుగా చేసిన పని నాలుగో ప్రతివాదికి ఆ పేరా వాట్సాప్‌లో పంపడం. తను చూసింది, జవాబు రాయలేదు.

అంత స్పష్టమైన తీర్పు వచ్చాక కేసు నెలల్లో ముగుస్తుందని అందరం అనుకున్నాం. ప్రభుత్వ కౌంటరు, అంటే మా పిటిషన్‌కు వాళ్ల జవాబు, 2021 సెప్టెంబరులో, రెండో వేవ్ తగ్గాక వచ్చింది. అందులో మూడు వాదనలున్నాయి. నేను బీసీ-డిగా దరఖాస్తు చేసుకున్నాను కాబట్టి ఆ విభాగంలోనే పరిశీలించారు, ఎంపికలు ముగిశాక ఆలస్యంగా కోర్టుకు వచ్చాను, బీసీలకు ఇచ్చే సడలింపులు పొందినవారు ఓపెన్ పోస్టు అడగకూడదు. మొదటి రెండింటికి మా దగ్గర జవాబులు సిద్ధంగానే ఉన్నాయి. మూడోదానికి రిప్లై అఫిడవిట్‌లో లెక్క చూపించాం: నాకు వయసు సడలింపు అవసరమే రాలేదు, అర్హత మార్కులు బీసీలకు 35 శాతం, ఓసీలకు 40 శాతం అయితే నాకు 54.5 శాతం వచ్చాయి. ఏ సడలింపూ వాడుకోలేదని మీ సొంత కాగితాలతో నిరూపించుకోగలిగితే ఈ వాదన నిలవదు. పదో తరగతి మార్కుల జాబితాలోని పుట్టిన తేదీ కూడా జత చేయాల్సి వస్తుంది, దగ్గర పెట్టుకోండి.

ఆ తర్వాతి రెండేళ్ల గురించి రాయడానికి పెద్దగా ఏమీ లేదు, కానీ నన్ను ఎక్కువగా అలసిపోయేలా చేసింది ఆ రెండేళ్లే. ముందురోజు సాయంత్రం కాజ్ లిస్టు (మర్నాడు విచారణకు వచ్చే కేసుల జాబితా) వస్తుంది. అందులో మన కేసు నంబరు ఉంటుంది, ఎంత కిందుందో చూస్తాం. మర్నాడు సాయంత్రానికి కేసు పిలవనేలేదని తెలుస్తుంది. లేదా ప్రభుత్వ న్యాయవాది సమయం అడిగారని తెలుస్తుంది. బెంచ్ మారుతుంది, మళ్లీ మొదటినుంచి చెప్పాలి. మొదట్లో ప్రతి వాయిదాకూ హైకోర్టు ఉన్న నేలపాడు వెళ్లేదాన్ని. గుంటూరు నుంచి బస్సులో మంగళగిరి, అక్కడినుంచి ఎర్రబాలెం, మందడం మీదుగా ఆటో. గేటు దగ్గర ఆధార్ చూపించి పాస్ తీసుకోవాలి. ఒకరోజు జీతం పోయేది. పిటిషనరు రావాల్సిన అవసరం లేదని, కోర్టు ప్రత్యేకంగా రమ్మంటే తప్ప ఇంట్లోనే ఉండమని లాయరమ్మ గారు గట్టిగా చెప్పాక మానేశాను. ఫోనులో కేసు స్థితి చూసుకోవడమే మిగిలింది.

2021 చివర్లో నా పెళ్లయింది. సంబంధం మాట్లాడేటప్పుడే నాన్న కేసు సంగతి చెప్పేశారు. మా ఆయన, "ఉద్యోగం వచ్చినా రాకపోయినా కేసు మాత్రం చివరిదాకా నడపాలి" అన్నారు. అయినా 2022 వేసవి నా మనసుకు చాలా గడ్డుకాలం. ఆ ఏడాది 2019 బ్యాచ్ సచివాలయ ఉద్యోగులకు ప్రొబేషన్ ఖరారైంది, పేస్కేలు వచ్చింది. కోచింగు స్నేహితురాళ్ల వాట్సాప్ గ్రూపులో అభినందనలు నిండిపోయాయి. నేనూ అభినందనలు రాశాను. రాత్రి మాత్రం నిద్రపట్టలేదు. వాళ్లకు ఇంక్రిమెంట్లు వస్తాయి, పదోన్నతుల జాబితాలు వస్తాయి, నేను ఎప్పుడు చేరినా వాళ్ల వెనుకే నిలబడతాను. ఆ వేసవిలోనే చేతి గాజులు తాకట్టు పెట్టి తుది విచారణకు మాట్లాడుకున్న 15,000 రూపాయలు సిద్ధం చేసి ఉంచాం.

తుది విచారణ 2023 నవంబరులో జరిగింది. ఆ రోజు వెళ్లాను. అరగంట కూడా పట్టలేదు. సుప్రీంకోర్టు తీర్పు కాపీ చూసి న్యాయమూర్తి గారు ప్రభుత్వ న్యాయవాదిని అడిగిన ప్రశ్న ఒక్కటే: ఆ జిల్లాలో ఆ పోస్టులో ఇప్పుడు ఖాళీలున్నాయా? కనుక్కుని చెబుతామన్నారు. రెండు వారాల తర్వాత ఖాళీలున్నట్లు మెమో దాఖలైంది. నాలుగో ప్రతివాది తరఫు న్యాయవాది లేచి, ఖాళీలో పిటిషనరును నియమిస్తే తమకు అభ్యంతరం లేదని చెప్పారు. కోర్టు హాలు వెనుక బెంచీలో కూర్చుని ఆ మాట వింటుంటే, కేసు గెలవకపోయినా ఫరవాలేదనిపించేంత తేలిక కలిగింది. తీర్పు తర్వాత చెబుతామని రిజర్వు చేశారు.

2024 ఫిబ్రవరి రెండో వారంలో తీర్పు వెలువడింది. రిట్ అనుమతించారు. ఉత్తర్వు ప్రతి అందిన ఎనిమిది వారాల్లోగా ఖాళీ పోస్టులో నన్ను నియమించాలి, నా మెరిట్ ప్రకారం 2019 బ్యాచ్‌లో నోషనల్ సీనియారిటీ (వాళ్లతోపాటే చేరినట్లు లెక్కించే సీనియారిటీ) ఇవ్వాలి, పనిచేయని కాలానికి జీతం బకాయిలు ఉండవు, నాలుగో ప్రతివాది నియామకానికి భంగం కలగకూడదు. బకాయిలు రావని ముందే తెలుసు. అయినా ఆ వాక్యం చదివినప్పుడు నాన్న ముఖం చిన్నబోయింది. సర్టిఫైడ్ కాపీ చేతికొచ్చేసరికి మార్చి మొదటి వారం. దాన్ని వినతిపత్రంతో కలిపి ముగ్గురు అధికారులకూ అందజేసి ముద్రలు వేయించుకున్నాను. మార్చి 16న ఎన్నికల కోడ్ వచ్చింది. జూన్ 4న ఓట్ల లెక్కింపు అయ్యేదాకా ఏ కార్యాలయంలో అడిగినా అదే సమాధానం. కోర్టు ఉత్తర్వు అమలుకు కోడ్ అడ్డు కాదని లాయరమ్మ గారు లేఖ రాశారు, ఫలితం లేదు. ఎన్నికల తర్వాత అప్పీలుకు న్యాయ సలహా అడిగామన్నారు. అప్పీలు మాత్రం వేయలేదు.

2024 అక్టోబరులో కోర్టు ధిక్కరణ కేసు వేశాం. దానికి మరో 15,000. ధిక్కరణ జరిగిన నాటి నుంచి ఏడాది లోపలే ఆ కేసు వేయాలని చట్టం చెబుతుంది. అధికారులు ఇదిగో అదిగో అంటున్నారని ఆగిపోతే ఆ గడువు దాటిపోతుంది. అధికారి స్వయంగా హాజరు కావాలన్న నోటీసు వెళ్లాక, అంతకుముందు నెలల తరబడి ఎవరికీ కనపడని నా ఫైలు కదిలింది. 2025 జనవరిలో ధ్రువపత్రాల పరిశీలనకు నాకు ఫోను వచ్చింది. పరీక్ష రాసి ఐదేళ్లు దాటాక వచ్చిన పిలుపు అది. ఒరిజినల్ సర్టిఫికెట్లు, నాలుగో తరగతి నుంచి పదో తరగతి దాకా స్టడీ సర్టిఫికెట్లు, కుల ధ్రువపత్రం, 2019 నాటి హాల్ టికెట్, అన్నీ నాన్న ఒకే ప్లాస్టిక్ కవరులో దాచి ఉంచారు. పెళ్లి తర్వాత ఆధార్‌లో ఇంటిపేరు మారడం వల్ల, రెండు పేర్లూ ఒకే మనిషివని అఫిడవిట్ ఒకటి కొత్తగా ఇవ్వాల్సి వచ్చింది. పెళ్లయినవారు ఇది ముందే చేయించి పెట్టుకోవడం మంచిది.

ఉత్తర్వు చేతికిచ్చిన రోజు ఇంట్లో ఎవరూ గట్టిగా మాట్లాడుకోలేదు. అమ్మ దేవుడి దగ్గర పెట్టింది, నాన్న రెండుసార్లు చదివారు. మర్నాడు చేరాను. ధిక్కరణ కేసు ఆ తర్వాతి వాయిదాలో మూసేశారు. మొత్తం ఖర్చు, ప్రయాణాలు కలుపుకుంటే డెబ్బై వేలకు దగ్గరగా అయింది.

నాలుగో ప్రతివాదిగా రాయించిన ఆ అమ్మాయి ఇప్పుడు వేరే మున్సిపాలిటీలో పనిచేస్తోంది. నేను చేరిన వారానికి తనే ఫోను చేసి, హాజరు యాప్ ఎలా వాడాలో, ఏ రిజిస్టరు ఎవరి దగ్గర ఉంటుందో అరగంట చెప్పింది. కేసు మాట తను ఎత్తలేదు. నేను ఎత్తాను. తన లాయరుకు ఎంత అయిందని అడిగితే చెప్పలేదు.

ఉత్తర్వులో నోషనల్ సీనియారిటీ గురించి ఒక్క అక్షరం కూడా లేదు. తీర్పులోని ఆ పేరాను జతచేసి 2025 మార్చిలో వినతిపత్రం ఇచ్చాను, ముద్ర వేయించుకున్నాను, ఒక ప్రతి లాయరమ్మ గారికి పంపాను. మా బ్యాచ్ సీనియారిటీ జాబితా సవరించి వచ్చేదాకా ప్రతి నెలా గుర్తుచేస్తూ ఒక లేఖ రిజిస్టర్డ్ పోస్టులో పంపమని ఆవిడ చెప్పారు, పంపుతున్నాను.